చేతులు తగిలే చోటు

నన్ను హార్స్ అంటారు; జిమ్నాస్టిక్స్‌లో నా మీద చేతులానించి దూకుతారు. చెక్క ఒళ్లు, ఇనుప కాళ్లు, వీపు మీద తోలు. హనుమకొండలో ఒక వ్యాయామ హాలు నా ఇల్లు. 2001లో అంతర్జాతీయ పోటీల్లో నా చోటికి వెడల్పాటి వాల్టింగ్ టేబుల్ వచ్చింది. మంచి పనే జరిగింది. నా వీపు సన్నం. వేగంగా వచ్చిన పిల్ల చెయ్యి జారితే కాచుకోవడానికి నా దగ్గర చోటు లేదు. ఇప్పుడు చిన్నపిల్లల తొలి దూకుళ్లకే నేను.

ఆ టేబుల్ రావడానికి ముందు ఏడాది సిడ్నీ ఒలింపిక్స్‌లో, మహిళల ఆల్‌రౌండ్ ఫైనల్‌లో, నాలాంటి హార్స్‌నే 125 సెంటీమీటర్లకు బదులు 120కి బిగించారు. పేరున్న అమ్మాయిలు వరసగా తడబడ్డారు, పడ్డారు. ఒకమ్మాయి అనుమానపడి చెప్పాక గానీ కొలిచి చూడలేదు. ఐదు సెంటీమీటర్లు!

ఈ సంగతి మా కోచ్ సార్ తీసిన డాక్యుమెంటరీతోనే నాకు తెలిసింది. పోటీలకొచ్చే తల్లిదండ్రులకు ఆటలో ఒక్కటే తెలిసేది: నిలబడితే గెలుపు, పడితే ఓటమి. ఆయన్ను అదే బాధించేది. అందుకే కెమెరాను టేబుల్ పక్కనే నేలమీద పెట్టి, దూకే పిల్ల చేతులను తీశాడు. ఒక సాయంత్రం గోడకు తెల్లదుప్పటి కట్టి అందరికీ చూపించాడు.

పిల్ల పరుగెత్తుకొచ్చి స్ప్రింగ్‌బోర్డును తన్నింది. రెండు అరచేతులు టేబుల్‌కు తగిలాయి. అక్కడ బొమ్మ ఆపాడు. "సెకనులో ఐదో వంతు కూడా ఉంటదో లేదో. పైన వేసే మొగ్గకు ఆఖరి బలం ఇక్కడిదే. భుజాలతోని తొయ్యాలె. చేతులు మడిస్తే ఎత్తు పోతది."

తర్వాత తెర మీద రియో ఒలింపిక్స్, 2016. మన దీపా కర్మాకర్ వేసిన ప్రొడునోవా దూకుడు: చేతులు తగిలించి, గాలిలో ముందుకు రెండు మొగ్గలు. కష్టానికి 7.0, చేసిన తీరుకు 8.266. ఇంకో దూకుడుతో సగటు 15.066. కంచు 15.216 దగ్గర ఆగింది. ఆ 0.150 ఎక్కడ పోయిందో ఆయన ఫ్రేము ఫ్రేముగా చూపిస్తుంటే హాలులో దగ్గు కూడా వినిపించలేదు. 2018లో మెల్‌బోర్న్ ప్రపంచకప్‌లో మన హైదరాబాద్ అమ్మాయి బుద్దా అరుణా రెడ్డి 13.649తో కంచు గెలిచింది. ప్రపంచకప్ జిమ్నాస్టిక్స్‌లో భారతీయులకు అదే తొలి వ్యక్తిగత పతకం. ఆ దూకుడులోనూ సార్ ముందు చేతులనే చూపించాడు. చప్పట్లు ఆ తర్వాత మోగాయి.

అందరూ వెళ్లాక ఒక అవ్వ నా దగ్గర ఆగింది.

"సారూ, మా పోరి చేతులు పెట్టేది గీడ్నేనా?"

"ఔనమ్మా, గీడ్నే."

పత్తి ఏరి గరుకెక్కిన రెండు అరచేతులను నా వీపు మీద ఆనించి గట్టిగా నొక్కింది. "గంత జల్దిల ఎట్ల తోస్తదో బిడ్డ," అంది.

మర్నాటి నుంచి పిల్లలు దిగే పరుపు దగ్గర ఆమె కూర్చోవడం లేదు. కుర్చీ నా పక్కకు జరుపుకుంది.