మెరిట్స్‌లోకి వెళ్లని మనిషి

ఛార్జి మెమో రాకముందు ఆయన మామూలు సీనియర్ అసిస్టెంటు. వచ్చాక సర్వీసు లాయరైపోయాడు. నల్లకోటు ఒక్కటే తక్కువ. ప్రతి జిల్లాలో, ప్రతి శాఖలో ఇలాంటి వాడొకడుంటాడు. సర్వీసు రిజిస్టరులో పేరేదైనా కలెక్టరేటు క్యాంటీనులో మాత్రం 'రిట్టుగారు'.

ఉద్యోగుల క్రమశిక్షణకు సంబంధించిన 1991 నాటి సీసీఏ రూల్సు పుస్తకం ఆయన చేతుల్లో అట్ట ఊడి, రబ్బరు బ్యాండు దయమీద బతుకుతోంది. 9వ రూలులోని శిక్షల జాబితా అభిశంసన నుంచి డిస్మిస్ దాకా పెళ్లిలో వడ్డన వరసలా అప్పజెబుతాడు. తనకు పడింది రెండు ఇంక్రిమెంట్ల కోత, అదీ క్యుములేటివ్ ఎఫెక్టుతో. అంటే ఆ లోటు జీతంలో ఎప్పటికీ పూడదు, పెన్షన్ దాకా వెంటాడుతుంది.

ఆయనకు ప్రాణమైన కేసు సైన్యంలో ఒక సిపాయిది. పెట్టిన తిండి తినమని అధికారి ఆజ్ఞాపిస్తే ఆ సిపాయి తిననన్నాడు. ఏడాది కఠిన జైలు, ఆపైన డిస్మిస్. నేరానికీ శిక్షకూ పొంతనే లేదని 1987లో సుప్రీంకోర్టు రెండూ కొట్టేసింది. పైగా ఆ సిపాయి ఎవరిమీద ఫిర్యాదు చేశాడో ఆ అధికారే కోర్ట్‌మార్షల్‌లో కూర్చున్నాడు. తన ఎంక్వైరీ ఆఫీసరుకూ తనమీద అలాంటి పగే ఉందని రిట్టుగారి నమ్మకం. ఎప్పుడో మెట్లమీద ఎదురైతే నమస్కారం పెట్టలేదట.

ఎర్రజుట్టు టీచరమ్మ కథ ఇంకోటి. జుట్టు ఎర్రగా ఉందని టీచరును తీసేస్తే అది అధికారాన్ని సక్రమంగా వాడినట్టా అని 1926లో ఇంగ్లండు జడ్జి ఒకరు ఉదాహరణగా అన్నారు. తర్వాత ఆ ఉదాహరణను ఎత్తుకున్న వెడ్నెస్‌బరీ తీర్పుతో అది ఖండాంతరాలు దాటింది. అలాంటి టీచరు నిజానికి ఎవరూ లేరు. రిట్టుగారు చెప్పీ చెప్పీ ఆవిడకు ఓ ఊరు, ఇద్దరు పిల్లలు, కట్టాల్సిన ఇంటిలోను కూడా వచ్చేశాయి.

ఆయన నోట రాని కేసులూ ఉన్నాయి. కర్ణాటక ఆర్టీసీ కండక్టరు దగ్గర లెక్కతేలని 93 రూపాయలు దొరికితే ఉద్యోగమే పోయింది. ప్రశ్న మొత్తం ఎంతని కాదు, నమ్మకం పోవడమని సుప్రీంకోర్టు ఆ డిస్మిసల్‌ను నిలబెట్టింది. శాఖాపరమైన విచారణ మీద హైకోర్టు అప్పీలు కోర్టులా కూర్చోదని 1963లోనే, ఆంధ్రప్రదేశ్ సబ్ ఇన్‌స్పెక్టరు కేసులో తేల్చింది. విచారణ పద్ధతిగా జరిగిందా, సాక్ష్యమంటూ ఏమైనా ఉందా అన్నవే కోర్టు చూస్తుంది. శిక్ష మరీ మనస్సాక్షి ఉలిక్కిపడేటంత ఉంటే తప్ప ముట్టుకోదు. అప్పుడు కూడా చాలాసార్లు 'మళ్లీ ఆలోచించండి' అని ఆ ఆఫీసుకే తిప్పి పంపుతుంది.

కొత్తగా చేరిన కుర్రాడొకడు అమాయకంగా అడిగాడు: "ఇంతకీ మీరు చేసిందేమిటి గురువుగారూ?"

"అది మెరిట్స్. కోర్టులే అందులోకి వెళ్లవు, నువ్వెందుకయ్యా వెళ్తావ్?"

అటెండరుకు తెలుసు. కానీ చెప్పడు.

చివరికి రిట్టుగారు గెలిచాడు. విచారణ నివేదిక ప్రతిని ఉద్యోగికి ఇవ్వాలని 1993లో హైదరాబాదు ఈసీఐఎల్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఈయనకు ఇవ్వలేదు. హైకోర్టు శిక్ష రద్దు చేసి, ప్రతి ఇచ్చి అక్కణ్నుంచి కొనసాగించుకోవచ్చంది. మొదటి వాక్యానికే ఆఫీసంతా మైసూర్‌పాకులు పంచాడు. రెండో వాక్యం అందరూ చదివారు, ఆయన తప్ప.

ఆరునెలలకు ప్రతి వచ్చింది, జవాబు వెళ్లింది, కొత్త ఆర్డరు దిగింది. అవే రెండు ఇంక్రిమెంట్లు, అదే ఎఫెక్టు. ఆయన మొహం వాడిపోలేదు సరికదా, మూడో పేరా దగ్గర వెలిగిపోయింది. క్యుములేటివ్ ఎఫెక్టుతో కోత పెద్ద శిక్ష, దానికి 20వ రూలు విచారణ కావాలి. ఆర్డరులో మాత్రం చిన్న శిక్షలకు వాడే 22వ రూలు టైపయింది.

ఆ డ్రాఫ్టు రాసిన గుమస్తా తాగిన టీకి ఆ పూట డబ్బులు రిట్టుగారే ఇచ్చాడు.