నానబెట్టావా నాన్నా?

మా అమ్మ ఆ మాట అడిగింది రాత్రి తొమ్మిదిన్నరకి. అప్పటికే నేను స్లో కుక్కర్‌కి మూత పెట్టి, మీట ‘లో’ మీదకి తిప్పేశాను. “రాజ్మా నానబెట్టావా నాన్నా?” అంది. “ఇందులో నానబెట్టక్కర్లేదమ్మా, రాత్రంతా ఉడుకుతుందిగా” అన్నాను. ఆవిడ మరి మాట్లాడలేదు. తెల్లారాక నేను పెట్టింది పెట్టినట్టు తింది. మూడు గంటలు గడవకుండానే బాత్రూమ్ గోడకి ఆనుకుని కూర్చుని వాంతులు చేసుకుంది. ఆ సమయానికి నేను ఎడిసన్‌లోని మా ఇంటికి దాదాపు 40 కిలోమీటర్ల దూరంలో, న్యూయార్క్‌లో, ఆఫీసులో ఉన్నాను.

ఇన్నాళ్లూ ఎవరడిగినా “ఫుడ్ పాయిజన్ అయింది” అని చెబుతూ వచ్చాను. అదేదో దానంతటదే వచ్చిపడినట్టు. చేసింది నేను. ఎలా చేశానో పూర్తిగా చెప్పుకోవాలనే ఇది రాస్తున్నాను.

మా ఆవిడ ఆస్పత్రిలో నర్సు. ఏడింటికి డ్యూటీ. ఆరింటికల్లా ఇంట్లోంచి బయలుదేరుతుంది. కాబట్టి పొద్దుటి పూట నాది. పదకొండేళ్ల అబ్బాయినీ, ఏడేళ్ల అమ్మాయినీ లేపి, తయారుచేసి, బస్సెక్కించి, ఎనిమిది దాటకుండా మెట్రోపార్క్ స్టేషన్‌లో నా రైలు అందుకోవాలి. ఆ హడావుడిలో పిల్లలకి దొరికేది అట్టపెట్టెలోంచి ఒంపిన తియ్యటి సీరియల్, చల్లటి పాలు. అమ్మ ఆరునెలలుందామని తెనాలి నుంచి వచ్చింది. షుగరు, మోకాళ్ల నొప్పులు. “నేను లేచి నాలుగు దోసెలు పోస్తాలే” అంటే నేను ఒప్పుకోలేదు. “నువ్వు నిలబడొద్దు. ఈసారి నీకు నేను వండి పెడతాను” అన్నాను. ఆ మాట మనస్ఫూర్తిగానే అన్నాను. కానీ వండి పెట్టడానికి పొద్దున్న నా దగ్గర పావుగంట కూడా లేదు.

అందుకే నవంబరు డిస్కౌంట్లలో ఆరు క్వార్టుల స్లో కుక్కర్ కొన్నాను. అంటే సుమారు ఐదున్నర లీటర్ల గిన్నె. చుట్టూ రేకు తొడుగు, అందులో వేడెక్కే తీగ, లోపల బరువైన పింగాణీ కుండ, పైన గాజు మూత. రాత్రి వేసి పడుకుంటే తెల్లారేసరికి తయారుగా ఉంటుందన్నారు. నాకు కావలసిన మాట అదే. ఇక పొద్దుటి పూట గురించి నేను ఆలోచించక్కర్లేదని అర్థం చేసుకున్నాను. నా తెలివితక్కువతనమంతా ఆ అర్థంలోనే ఉంది.

మొదటి వారం ఓట్స్ వేశాను. ఇంట్లో ఉన్నవి అటుకుల్లా నొక్కిన ఓట్స్. వాటిని ముందే ఆవిరి పట్టి నొక్కుతారు కాబట్టి ఐదు నిమిషాల్లో ఉడికిపోతాయి. ఎనిమిది గంటలు ఉంచితే నడుమ బంకలా అయ్యాయి. అంత పెద్ద కుండలో ఒక్క కప్పు వేయడం వల్ల అంచుల దగ్గర మాడి నల్లగా అంటుకున్నాయి. తీపి కోసం ఖర్జూరాలు, ఎండుద్రాక్ష గుప్పెళ్లతో వేశాను. పంచదార వెయ్యలేదు గనక ఆరోగ్యమే అనుకున్నాను. అమ్మ షుగరు మీటరు చూపించిన అంకె చూశాక గానీ, పండు ఎండితే అందులో తీపి చిక్కబడుతుందే తప్ప ఎక్కడికీ పోదని నాకు తట్టలేదు.

రెండో వారం ఇంకో ఉపాయం. ఎనిమిది గంటలు ఎక్కువవుతున్నాయి గనక గోడ ప్లగ్గుకి టైమరు తగిలించాను. రాత్రి తొమ్మిదింటికి పాలూ ఓట్సూ పోసి, ఒంటిగంటకి దానంతటది మొదలయ్యేలా పెట్టాను. నాలుగు గంటలపాటు పాలు ఆ గది వేడికి అలాగే ఉన్నాయి. పాడయ్యే సరుకు 5 నుంచి 60 డిగ్రీల సెల్సియస్ మధ్య రెండు గంటలకి మించి ఉండకూడదని మా ఆవిడకి తెలుసు. నేను అడగలేదు. పాలు విరిగి కనిపించాయి కాబట్టి పారబోశాను. విరక్కపోయి ఉంటే పిల్లలకి పోసేవాణ్ణే.

ఈ రెండూ చూశాకైనా నేను ఆగాల్సింది. బదులుగా ఆ యంత్రం కథ చదివాను. షికాగోలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఆయన 1936లో దీనికి పేటెంటు అడిగాడు, 1940లో వచ్చింది. వాళ్లమ్మ చిన్నతనం లిథువేనియాలోని విల్నాలో గడిచింది. శుక్రవారం పొద్దుగూకితే యూదులకి సబాత్, పొయ్యి ముట్టించకూడదు. అందుకని ఇంటావిడ గింజలు, మాంసం, దుంపలు వేసిన కుండని ఊరి బేకరీకి పంపేది. మంట ఆపేసిన పొయ్యిలో మిగిలిన వేడికే అది తెల్లవార్లూ మగ్గేది. ఆ వంటకం పేరు చోలెంట్. అమ్మ చెప్పిన ఆ సంగతి మనసులో పెట్టుకుని నాక్సన్ చేసిన పాత్ర పేరు ‘నాక్సన్ బీనరీ’. ఆయన కంపెనీని రైవల్ అనే సంస్థ 1970లో కొని, ఆ మరుసటి ఏడు దాన్ని ‘క్రాక్‌పాట్’ అని అమ్మింది.

గింజల కోసం పుట్టిన పాత్ర, పేరే గింజల పేరు. అది చదివాక నాకు ఇక అనుమానం లేకపోయింది. ఓక్‌ట్రీ రోడ్డులో ఎర్ర రాజ్మా కొన్నాను. మాంసకృత్తులు ఎక్కువ, తీపి లేదు, అమ్మకి మంచిది, పిల్లలకి బలం. రెండు కప్పులు కడిగి, టమాటాలు, అల్లం, ఉల్లిపాయ వేసి, నీళ్లు పోసి మూత పెట్టాను. అప్పుడే అమ్మ అడిగింది, నానబెట్టావా అని.

పొద్దున్న ఇల్లంతా కమ్మటి వాసన. కాల్చిన రొట్టె మీద వేసి ముగ్గురికీ పెట్టాను. చిన్నది గింజలు గట్టిగా ఉన్నాయని పక్కకి నెట్టి రొట్టె తింది. అబ్బాయి ఆకలి మీద ఉన్నాడు, పళ్లెం ఖాళీ చేశాడు. అమ్మ నెమ్మదిగా నములుతూ తింది. నేను తినలేదు. రైలుకి టైమవుతోందని నిలబడే కాఫీ తాగి బయటపడ్డాను. వండినవాణ్ణి, ఒక్క గింజ వేళ్ల మధ్య నలిపి చూడలేదు. ఒక్కటి నోట్లో వేసుకోలేదు. అన్నిటికన్నా ఇదే నన్ను బాధపెడుతుంది. మా అమ్మ జీవితంలో ఏ పూటా మెతుకు నొక్కి చూడకుండా అన్నం దించలేదు.

పదింపావుకి స్కూలు నుంచి ఫోను. అబ్బాయి మూడుసార్లు వాంతి చేసుకున్నాడు, వచ్చి తీసుకెళ్లండి అని. ఇంటికి చేశాను, అమ్మ ఎత్తలేదు. మళ్లీ చేశాను. మూడోసారి ఎత్తి, “ఏం లేదు నాన్నా, కాస్త కడుపులో తిప్పింది” అంది. ఆ గొంతు విన్నాక నాకు కాళ్లూ చేతులూ ఆడలేదు. మా ఆవిడకి చెబితే ఆమె అడిగింది ఒక్కటే: “రాజ్మా ముందు స్టవ్ మీద మరిగించారా?”

లేదన్నాను.

అవతల కాసేపు మాట లేదు. తర్వాత పాయిజన్ కంట్రోల్‌కి ఫోన్ చేసి అడిగి, డ్యూటీలోంచి బయటపడి, పిల్లాణ్ణి తీసుకుని ఆమే ముందు ఇల్లు చేరింది. నేను పెన్ స్టేషన్‌లో దొరికిన రైలెక్కాను. రోజూ లాప్‌టాప్ చూసుకుంటూ దాటే ఆ దారిలో ఆ రోజు ఒక్కొక్క స్టేషనూ లెక్కపెట్టాను.

ఎర్ర రాజ్మా పచ్చి గింజలో ఫైటోహీమగ్లూటినిన్ అనే పదార్థం ఉంటుంది. నాలుగైదు పచ్చి గింజలు చాలు మనిషిని పడగొట్టడానికి. తిన్న మూడు గంటల్లోపు వాంతులు, ఆ తర్వాత విరేచనాలు. బాగా తెర్లే నీళ్లలో అది నశిస్తుంది. అమెరికా ప్రభుత్వ సంస్థ ఎఫ్‌డీఏ చెప్పే పద్ధతి ఇది: కనీసం 5 గంటలు నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో 30 నిమిషాలు తెర్లనివ్వాలి. సన్నటి సెగ మీద ఉంచితే అది నశించదు. 80 డిగ్రీల దగ్గర ఆగిన గింజలో దాని తీవ్రత పచ్చిదానికన్నా ఐదు రెట్ల దాకా పెరగవచ్చట. స్లో కుక్కర్‌లో లోపలి వేడి చాలాసార్లు 75 డిగ్రీలు కూడా దాటదట. గింజ మెత్తబడింది కదా అని నమ్మడానికీ లేదు. విషం పోకముందే అది మెత్తబడవచ్చు. అంటే రాత్రంతా నేను చేసింది వంట కాదు.

మన ఇళ్లల్లో ఈ సంగతి తెలియకపోవడానికి కారణం ప్రెషర్ కుక్కర్. నానబెట్టిన గింజలు అందులో సుమారు 120 డిగ్రీల వేడిలో ఉడుకుతాయి. ఎందుకో తెలియకపోయినా రాత్రి నానబెట్టడం, విజిళ్లు లెక్కపెట్టడం అమ్మలకి అలవాటు. ఆ అలవాటే మనల్ని కాపాడుతూ వచ్చింది. నేను ఆ రెంటినీ ఒక్క మాటతో తీసిపారేశాను.

సాయంత్రానికి ఇద్దరూ తేరుకున్నారు. అబ్బాయి పడుకున్నాడు. అమ్మకి ఉప్పు వేసిన పల్చటి మజ్జిగ ఇచ్చి పక్కన కూర్చున్నాను. “గట్టిగా ఉన్నాయని తెలిసి ఎందుకు తిన్నావమ్మా?” అన్నాను. “నువ్వు పరుగులో ఉన్నావు. మళ్లీ ఇంకో పని పెట్టడం ఎందుకులే అనుకున్నా” అంది. కాసేపాగి, “అందులో తెర్లుతుందా?” అనడిగింది.

“తెర్లదమ్మా. సన్నగా కాగుతూ ఉంటుంది.”

“అయితే దాలిలాంటిదేగా. దాలి మీద పాలు కాస్తాం నాన్నా. పప్పు ఎసట్లో వెయ్యాలి.”

మా అమ్మమ్మ ఇంటి పెరట్లో దాలి నాకు గుర్తే. పొద్దున్నే గుంటలో పిడకలు పేర్చి, నిప్పు వేసి, సెగ నిలవడానికి పైన ఊక చల్లి, పాలకుండ పెట్టేది. మధ్యాహ్నానికి పాలు ఎర్రగా కాగి, మందంగా మీగడ కట్టేది. చూసినవాళ్లకి ఆ పాలు వాటంతటవే కాగినట్టుంటాయి. కానీ పిడకలెన్ని, ఊక ఎంత, కుండ ఎంత నిండాలి అన్నదంతా అమ్మమ్మ పొద్దున్నే చూసుకునేది. ఆ సెగకి ఏది పెట్టాలో, ఏది పెట్టకూడదో ఆమెకి తెలుసు.

విల్నా కథ కూడా ఆ రాత్రి మళ్లీ చదివాను. సబాత్ చోలెంట్‌ని పొద్దుగూకకముందే పొయ్యి మీద ఉడికించి, ఆ తర్వాతే బేకరీకి పంపుతారట. తెల్లవార్లూ మగ్గిన కుండ నాకు కనపడింది గానీ, శుక్రవారం మధ్యాహ్నమంతా పొయ్యి దగ్గర నిలబడ్డ మనిషి కనపడలేదు. కనపడి ఉంటే, అమ్మ అడిగిన మాట విన్నప్పుడు మూత తీసేవాణ్ణి. పొద్దున్న పెట్టాల్సిన శ్రద్ధని ఈ పాత్ర రాత్రికి జరుపుతుంది, అంతే. దాన్ని రద్దు చెయ్యదు.

స్లో కుక్కర్‌ని పారెయ్యలేదు. అది చెయ్యగల పని అది బాగానే చేస్తుంది. ఇప్పుడు స్టీల్‌కట్ ఓట్స్ వేస్తాను. అవి నొక్కినవి కావు, గింజనే రెండు మూడు ముక్కలుగా నరికినవి. కాబట్టి ఏడెనిమిది గంటలు తట్టుకుంటాయి. ఒక కప్పుకి నాలుగు కప్పుల నీళ్లు, చిటికెడు ఉప్పు. పాలు వెయ్యను. కుండలో నేరుగా కాకుండా ఒక గాజు గిన్నెలో పోసి, ఆ గిన్నెని కుండలో పెట్టి, చుట్టూ సగం ఎత్తుకి నీళ్లు పోస్తాను. అంచులు మాడవు. పడుకునే ముందే మొదలుపెడతాను, టైమరు తీసేశాను. పొద్దున్న పిల్లలకి వేడి పాలు, అరటిపండు ముక్కలు కలిపి ఇస్తాను. అమ్మకి ఆవాలు, జీలకర్ర, కరివేపాకు తాలింపు పెట్టి, మజ్జిగ పోసి ఇచ్చేవాణ్ణి. జొన్నరవ్వ కూడా ఇదే పద్ధతిలో, ఇంకో కప్పు నీళ్లు ఎక్కువ పోసి వండితే గటకలా కుదిరింది. రాజ్మా తినాలనిపిస్తే శనివారం రాత్రి నానబెట్టి, ఆదివారం ప్రెషర్ కుక్కర్‌లో వండుతాను. ఏది వండినా ముందు ఒక చెంచా నేను తిని, ఆ తర్వాతే వాళ్లకి పెడతాను. అందుకోసం పావుగంట ముందు లేస్తున్నాను.

మార్చిలో అమ్మ తెనాలి వెళ్లిపోయింది. ఆ రోజు స్కూల్లో కడుపు పట్టుకుని కూర్చున్న మా అబ్బాయి ఆ సంగతి మరిచిపోలేదు. వాడికి తెలుగు మాటలు తక్కువే వచ్చు. కానీ శనివారం రాత్రి నేను రాజ్మా డబ్బా దించగానే వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడతాడు.

“నానబెట్టావా నాన్నా?”

నేను మాటతో చెప్పను. గిన్నె వాడి ముందుకి జరుపుతాను. వాడు నీళ్లలోకి చెయ్యి పెట్టి, గింజల పైన ఎంత నీరుందో వేలితో చూసి, వెళ్లి పడుకుంటాడు.