మూడు కేకల న్యాయశాస్త్రం

అప్పీలుదారు పలకలేదన్న ఒక్క కారణంతో, ఏళ్ల తరబడి నలిగిన భూతగాదా ఒకటి ఈ వారం రెండు పంక్తుల ఉత్తర్వుతో సమాప్తమైన తీరు చూసినవారికి, న్యాయనిర్ణయంలో దస్తావేజులూ సాక్ష్యాలూ అలంకారప్రాయమేననీ, అసలు ఆధారం కోర్టు బంట్రోతు గొంతేననీ తేటతెల్లమై ఉంటుంది. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు 17వ రూలు, అనగా అప్పీలు విచారణకు పిలిచినప్పుడు దాన్ని వేసినవారు హాజరు కాకపోతే కొట్టివేయవచ్చునని చెప్పే నిబంధన, వరండాలో మూడు కేకలు వినిపించేంతసేపట్లో ఒక కుటుంబపు రెండెకరాలను తేల్చివేయగలదు.

ఇంతటి మహత్తర శాస్త్రాన్ని న్యాయకళాశాలలు పాఠ్యాంశంగా చేర్చకపోవడం శోచనీయం. పక్క కోర్టులో వాదిస్తున్న న్యాయవాది కేక విని, గౌను సర్దుకుంటూ, మూడో పిలుపు ముగిసేలోగా మెట్లెక్కి రాగలగడమే కక్షిదారు హక్కుకు రుజువైనప్పుడు, సాక్ష్య చట్టానికి బదులు పరుగుపందెం బోధించడమే సబబు. కోర్టు పరిధిని సైతం జిల్లా సరిహద్దులతో గాక కేక వినిపించే మేరతో, అంటే ఇంచుమించు టీకొట్టు వరకు, నిర్ణయించవచ్చు. బంట్రోతుకు జలుబు చేసిన రోజున వెలువడిన ఉత్తర్వులు చెల్లుతాయా అన్నది మాత్రం విస్తృత ధర్మాసనం తేల్చవలసిన ప్రశ్న.

1976 నాటి సవరణ ఈ శాస్త్రానికి మరింత స్వచ్ఛత చేకూర్చింది. అప్పీలుదారు లేనప్పుడు గుణదోషాలలోకి, అనగా వివాదంలోని న్యాయాన్యాయాలలోకి, వెళ్లి కొట్టివేసే అధికారం కోర్టుకు లేదని అది వివరణ చేర్చింది. లేనివాడి హక్కును అతని పరోక్షంలో తేల్చరాదన్న సదుద్దేశంతో వచ్చిన ఆ వివరణ పుణ్యమా అని, కట్ట ముడి విప్పకుండానే కేసు ముగించడం చట్టబద్ధమైన నిగ్రహంగా చలామణి అవుతోంది.

తగిన కారణం చూపితే 19వ రూలు కింద అప్పీలును తిరిగి చేర్చుకోవచ్చు, నిజమే. అందుకు 1963 నాటి లిమిటేషన్ చట్టం ఇచ్చిన 30 రోజుల గడువు కొట్టివేసిన తేదీ నుంచి నడుస్తుంది తప్ప, ఊళ్లో ఉన్న కక్షిదారు చెవిన ఆ సంగతి పడిన నాటి నుంచి కాదు. ఆలస్యాన్ని మన్నించమంటూ మరో పిటిషను, దానికి మళ్లీ వాయిదాలు. న్యాయవాది గైర్హాజరుకు కక్షిదారును బలిచేయరాదని రఫీక్, మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు 1981లోనే చెప్పింది.

న్యాయమూర్తి సెలవు పెట్టిన రోజుల్లో, ఆ పోస్టు ఖాళీగా ఉన్న నెలల్లో, న్యాయవాదులు విధులు బహిష్కరించిన వారాల్లో బస్సు ఛార్జీలు పెట్టుకుని వచ్చి, చెట్టు కింద పడిగాపులు కాసి, వాయిదా తేదీ చీటీ మీద రాయించుకుని వెళ్లినవాడు ఆ అప్పీలుదారే. అన్నాళ్లూ గైర్హాజరైన కోర్టును మూడుసార్లు పిలిచి, పలకలేదని శిక్షించినవారు లేరు. చట్టం కొట్టివేయవచ్చునన్నదే గాని కొట్టివేయక తప్పదనలేదు. ఖర్చులు న్యాయవాదిపై వేసి, కక్షిదారుకు నేరుగా నోటీసు పంపి, ఇంకొక్క తేదీ ఇస్తే అడ్డొచ్చే రూలు లేదు. అయినా ఇవ్వరు, ఎందుకంటే విని తేల్చిన అప్పీలూ, వినకుండా విసిరేసిన అప్పీలూ నెలాఖరున చేరేది పరిష్కారమైన కేసుల జాబితాలోకే.