ఒక ‘పెట్టుబడి’ ప్రతి కథ

1872 వసంతంలో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో అచ్చయిన 3,000 ప్రతుల్లో ఈ ప్రతి ఒకటి. కార్ల్ మార్క్స్ ‘పెట్టుబడి’ మొదటి సంపుటం జర్మన్ నుంచి మరో భాషలోకి రావడం అదే తొలిసారి. లోపాతిన్ ఆరంభించిన అనువాదాన్ని డేనియల్సన్ పూర్తిచేయగా పొల్యకోవ్ ప్రచురించాడు. ఇది కేవలం శాస్త్రగ్రంథమనీ, రష్యాలో చదివేవారే కొద్దిమంది కాగా అర్థం చేసుకునేవారు మరీ తక్కువనీ తలచి జారు సెన్సారు అధికారులు అనుమతినిచ్చారు గాని, రచయిత చిత్రపటాన్ని మాత్రం తీసివేయించారు. తండ్రి ముఖం లేకుండానే లోకంలోకి వచ్చినా, నెలన్నరలో 900 ప్రతులు అమ్ముడుపోయిన ఆ రోజులే ఈ ప్రతికి ఇప్పటికీ గర్వకారణం.

తొలి పాఠకులు విద్యార్థులు. కార్మికుడు తన కూలికి సరిపడా పనిచేసిన తరువాత కూడా పనిచేసే గంటల్లో పుట్టి యజమానికి చేరే ‘అదనపు విలువ’ను గురించిన పుటల పక్కన వారి పెన్సిలు గీతలు, ప్రశ్నార్థకాలు నేటికీ కనిపిస్తాయి. రాజ్యాన్ని ఎలా నడపాలో ఈ గ్రంథం చెప్పలేదు. పెట్టుబడిదారీ విధానం ఎలా పనిచేస్తుందో మాత్రమే విప్పి చూపింది. భూమిని ఉమ్మడిగా అనుభవించే రష్యన్ గ్రామ సమాజం కూడా పెట్టుబడిదారీ దశ గుండా సాగక తప్పదా అని 1881లో రష్యన్ విప్లవకారిణి వేరా జసూలిచ్ మార్క్స్‌నే అడిగింది. ఆయన పలుమార్లు చిత్తుప్రతులు రాసుకుని, తన విశ్లేషణ పశ్చిమ యూరప్‌కే పరిమితమని చిన్న ఉత్తరంలో బదులిచ్చాడు. గ్రంథకర్తే తన సిద్ధాంతానికి గీసిన ఆ హద్దు 1924 వరకు అచ్చుకు నోచుకోలేదు.

ఆలోగా దేశం మారిపోయింది. విప్లవకారులు క్రమశిక్షణ గల పార్టీగా ఏర్పడి కార్మికులకు దారి చూపాలని 1902లో వాదించిన లెనిన్, 1917లో అజ్ఞాతవాసంలో ‘రాజ్యం-విప్లవం’ రాస్తూ, ప్రజలు ఎన్నుకుని వెనక్కి పిలవగల అధికారులతో, కార్మికుని కూలికి మించని జీతాలతో పాలన సాగుతుందనీ, రాజ్యమే క్రమంగా అంతరిస్తుందనీ ఆశించాడు. అయితే ఆ ఏడాదే విప్లవంతో ఆయన పార్టీ అధికారంలోకి వచ్చాక అంతర్యుద్ధం, కరవు, దేశ ఏకాకితనం మధ్య అధికారం పార్టీ చేతిలో గట్టిపడింది. 1921 మార్చిలో క్రోన్‌స్టాట్ నావికుల తిరుగుబాటు సాగుతుండగానే పార్టీ పదవ మహాసభ అంతర్గత వర్గాలను నిషేధించింది. మార్క్స్ మాటకు అర్థం చెప్పే హక్కు చర్చ నుంచి కమిటీకి మారిన మలుపు అదే; ఆ తరువాతి దుఃఖానికి ఒక బీజం అక్కడే పడింది.

ఈ ప్రతి అప్పటికి ఒక సంస్థ గ్రంథాలయంలో అద్దాల బీరువాకు చేరింది. సందర్శకులు దీనిని గౌరవంగా చూసేవారే గాని తెరిచేవారు కాదు. యంత్రాలను గురించిన అధ్యాయంలో అచ్చునాటి కాగితపు మడతలను కోసి చదివిన చెయ్యి ఒక్కటీ లేదు. ఆ అధ్యాయంలోనే ఫ్యాక్టరీల్లో నలిగిన పిల్లల గోడు ఉంది. బీరువా బయట, 1924లో స్టాలిన్ ‘లెనినిజం పునాదులు’ ఉపన్యాసాలిచ్చాడు. ఆ ఏడాది చివరికి, ఒకే దేశంలో సోషలిజాన్ని నిర్మించవచ్చన్న వాదం ముందుకు వచ్చింది. మార్క్స్ రాతలను అక్షరం వదలకుండా సేకరించి అచ్చువేయిస్తున్న రియజానోవ్‌ను 1931లో అరెస్టు చేసి ప్రవాసానికి పంపారు, 1938లో కాల్చిచంపారు. అదే ఏడాది ‘పార్టీ చరిత్ర సంక్షిప్త పాఠం’ వెలువడింది. ప్రకృతినీ సమాజాన్నీ వైరుధ్యాల చలనంగా చూసే గతితార్కిక భౌతికవాదాన్ని అందులో కొద్ది పుటల సూత్రాలుగా కుదించారు. 1953 నాటికి నాలుగు కోట్లకు పైగా ప్రతులు అచ్చయిన ఆ పాఠాన్ని అప్పజెప్పగలిగితే చాలు, ఈ ప్రతిని విప్పవలసిన పని ఎవరికీ లేకపోయింది.

1956లో స్టాలిన్‌ను విమర్శించిన పార్టీ ఇరవయ్యవ మహాసభ తరువాత ఆ పాఠం గద్దె దిగింది. అయినా పాఠకులను మూలానికి తిరిగి పంపలేదు. 1959లో మరో అధికారిక చరిత్ర వచ్చింది. బీరువా నుంచి అటకకు, అటక నుంచి చెమ్మపట్టిన నేలమాళిగకు మారుతూ అట్ట ఊడి, వెన్నుకుట్టు సడలిన ఈ ప్రతిని 1991లో సోవియట్ యూనియన్ కూలిన తరువాత గ్రంథాలయం ఖాళీ చేసినప్పుడు ‘సంక్షిప్త పాఠం’ ప్రతులతో కలిపి ఒకే తాడుతో కట్టి తూకానికి అమ్మారు. ప్రశ్నలు వేసిన పుస్తకమేదో, వాటిని వేయనివ్వని పుస్తకమేదో కట్టినవారు విప్పి చూడలేదు.