బ్యూలా పద వ్యాఖ్య: ఒక ఫ్లెక్సీ మీద టీకా తాత్పర్యం

మూలం

చి. బ్యూలా. హీబ్రూ భాషలో ‘స్వర్గం’ అని అర్థం.

అవతారిక

మెదక్ పట్టణంలో ఒక ఫంక్షన్ హాలు గేటుకు కట్టిన ఫ్లెక్సీ మీద, పాప ఫోటోకు కింద, పెద్దల ఫోటోలకు పైన, బంగారు రంగు అక్షరాల్లో వెలసిన సూత్రమిది. సూత్రానికి శాస్త్రం చెప్పిన లక్షణాలన్నీ దీనికి పట్టాయి. అక్షరాలు తక్కువ. చదివినవాడికి సందేహం రాదు. తొట్టెల ఫంక్షన్‌కు వచ్చినవాళ్లు చదివి, తల ఊపి, బగారన్నం వైపు నడిచారు. చదవనివాళ్ల కోసం ఒక పెద్దమనిషి మైకులో రెండుసార్లు వినిపించాడు. రెండోసారి ‘స్వర్గం’ అన్నచోట గొంతు కాస్త వణికించాడు కూడా.

ఈ మధ్య పిల్లకు పేరు పెడితే చాలడం లేదు, అర్థం కూడా పెడుతున్నారు. పేరు ఒకచోట దొరుకుతుంది, అర్థం ఫోనులో దొరుకుతుంది. ఆ రెంటికీ చుట్టరికం ఉందో లేదో విచారించే తీరిక ఎవరికీ లేదు. చర్చికి పోయేవాళ్ల జాడ్యమిది అని గుడికి పోయేవాళ్లు నవ్వుకోనక్కర్లేదు. కియాన్ అంటే సంస్కృతంలో దైవకృప అని చెప్పే తండ్రులు వీధికి ఇద్దరున్నారు. అమరకోశం అటునుంచి ఇటు తిరగేసినా ఆ కృప కనబడదు.

ఇంత చిన్న వాక్యానికి టీక దేనికని అడిగేవాళ్లకు స్థలమాహాత్మ్యమే జవాబు. మెదక్ నుంచి బస్సెక్కి పోయి మధ్యాహ్నం భోజనానికి తిరిగి రాగల దూరంలో కొల్చారం ఉంది. కాళిదాసు కావ్యాలు మూడింటికి సంజీవని, భారవికి ఘంటాపథం, మాఘుడికి సర్వంకష రాసిన కోలాచల మల్లినాథ సూరి ఇంటిపేరు ఆ ఊరిదే. ఆయన ఒక నియమం పెట్టుకున్నాడు: ఆధారం లేనిది రాయను, అడగనిది చెప్పను. ఆయన జిల్లాలో ఆధారం లేని అర్థాన్ని గేటుకు కట్టి, అడగనివాళ్లకు మైకులో చెబితే చూస్తూ ఊరుకోవడం పాపం. మేము ఆ నియమంలో మొదటి సగం పాటిస్తాం. రెండో సగం పాటించడం మల్లినాథుడికే చెల్లింది.

ప్రతిపదార్థం

చి. = చిరంజీవి. ఇది సరిపోదు. చి.ల.సౌ. అని ఉండాలి. ఎందుకో ముందు తెలుస్తుంది.

హీబ్రూ = స్పష్టం.

భాషలో = స్పష్టం.

అని = మరీ స్పష్టం.

స్వర్గం, అర్థం = ఈ రెండు మాటలూ ఒకే వాక్యంలో ఎందుకున్నాయో స్పష్టం కాదు. తాత్పర్యంలో తేలుస్తాం.

పదచ్ఛేదం

బి + ఊలా = బ్యూలా. అతి + ఉత్తమం = అత్యుత్తమం అయినట్టే, యణాదేశ సంధి. ఇంత చక్కగా కుదిరిన సంధి చూసి మన వైయాకరణులు సంతోషించవచ్చు గాని, హీబ్రూ పండితులు ఒప్పుకోరు. వాళ్ల మాట ‘బెఊలా’. బె తరువాత ‘అయిన్’ అని గొంతు లోపలినుంచి రావలసిన ఒక అక్షరం ఉంది. అది ఇంగ్లీషు గొంతులో పలకక, ముందు వెనకల అచ్చులు అతుక్కుని ‘బ్యూ’ అయింది. మన తెలుగు బైబిలులోనూ అదే నిలిచింది. కనుక పాప పేరులో ఉన్నది పాణిని సంధి కాదు, దొరల గొంతు ఇబ్బంది.

ఈ పేరు వచ్చే చోటు యెషయా గ్రంథం 62వ అధ్యాయం, నాలుగో వచనం. పాడుబడి, విడిచిపెట్టినది అనిపించుకున్న సీయోనుకు ప్రవక్త అక్కడ రెండు కొత్త పేర్లు ప్రకటిస్తాడు. నగరానికి హెప్సీబా, అంటే ‘ఈమె నాకు ఇష్టం’. నేలకు బ్యూలా, అంటే ‘పెళ్లయినది’. చి.ల.సౌ. అన్నది ఇందుకే. ఉయ్యాల దిగని పాపకు ‘వివాహిత’ అని పేరు పెట్టి, ముందు చి. మాత్రమే పెట్టడం శుభలేఖల సంప్రదాయానికి విరుద్ధం. హెప్సీబా అయినా ఒక మనిషి పేరు. హిజ్కియా రాజు భార్య, మనష్షే తల్లి. బ్యూలా మాత్రం అక్కడ ఏ ఆడమనిషి పేరూ కాదు, నేల పేరు. మట్టి పేరు.

పాఠాంతరం

పాప నాయనమ్మకు బ్యూలా అనడం రాలేదు. “ఏం పేరు పెట్టిన్రు పెద్దమ్మా?” అని అడిగితే, “ఏందో బిడ్డా, బూలమ్మ అంటున్రు” అంది. పక్కనున్న కోడలు నొచ్చుకుని, “బూలమ్మ కాదత్తమ్మా, బ్యూలా. బ్యూలా అంటే స్వర్గం” అని దిద్దింది. ఈ టీకాకారుడి తీర్పు: బూలమ్మ అన్నదే సాధుపాఠం. భూలక్ష్మిని బూలచ్చిమి అనే నోటికి ఆ మాటలో వినబడింది భూమే కదా. హీబ్రూ రాని ఆ ముసలమ్మ ప్రవక్తకు దగ్గరగా వెళ్లింది. ఫోనున్న కోడలు ఆకాశానికి ఎగిరింది.

ఆ నాయనమ్మ తరంలో రూతమ్మలు, ఎస్తేరమ్మలు, రాహేలమ్మలు, మరియమ్మలు ఊరూరా ఉన్నారు. అన్నీ బైబిలు పేర్లే. చివర అమ్మ తగిలించుకుని కలుపు తీశారు, నాట్లేశారు. మీ పేరుకు అర్థమేమిటని వాళ్లనెవరూ అడగలేదు, వాళ్లూ ఏ గేటుకూ కట్టలేదు.

విశేషాంశం

బ, అయిన్, ల అని మూడు హల్లుల ధాతువు. అందులోంచి వచ్చిన నామం ‘బఅల్’: యజమాని, ఏలిక, మగడు. నేటి ఇజ్రాయెలులో కూడా ‘మా ఆయన’ అనడానికి మామూలుగా వాడే మాట ఇదే. దాన్ని కర్మణిలోకి, స్త్రీలింగంలోకి దించితే బెఊలా: ఏలిక గలది, మగడు గలది.

ఈ బఅల్‌నే మన తెలుగు బైబిలు ‘బయలు’ అని రాసింది. సండే స్కూలుకు పోయిన ప్రతి పిల్లకూ బయలు తెలుసు. ఏలీయా ప్రవక్త కర్మెలు కొండ మీద పందెం వేసి ఓడించింది 450 మంది బయలు ప్రవక్తలనే. అంటే బయలు, బ్యూలా ఒక ధాతువు బిడ్డలు. ఈ చుట్టరికం ముందే చెప్పి ఉంటే ఫ్లెక్సీ దించేసేవాళ్లు. హోషేయ ప్రవక్తకు కూడా ఈ మాటతో పేచీ ఉంది. ఇకపై నన్ను ‘నా బయలు’ అనకండి, ‘నా పురుషుడా’ అనండి అని దేవుడే చెప్పినట్టు ఆయన రాశాడు. యజమాని అనిపించుకోవడం దేవుడికే రుచించలేదన్నమాట. మన ఇళ్లలో ‘ఇంటి యజమాని’ అని గోడమీద పేరు రాయించుకునేవాళ్లు గమనించాలి.

ఇక్కడ ఆగడం మర్యాద. ఆగం.

బయలు ఎవరు? 1928లో సిరియా సముద్రతీరంలో ఒక రైతు నాగలికి సమాధి రాయి తగిలింది. మరుసటి ఏడు తవ్వకాలు మొదలుపెడితే ఉగరిత్ అనే నగరం, గాథలు చెక్కిన మట్టిపలకలు బయటపడ్డాయి. ఆ గాథల్లో బయలు మేఘాలనెక్కి తిరిగే వానదేవుడు. ఇప్పుడు కర్మెలు కొండ కథ మళ్లీ చదవండి. దానికి ముందు ఏళ్ల తరబడి కరువు, దాని చివర కుండపోత వాన. జరిగిన పందెమంతా వాన ఎవరి చేతిలో ఉందన్నదాని మీదే.

దేవుడు పోయినా మాట పోలేదు. యూదుల మిష్నాలో కాలువ నీళ్లు అక్కర్లేకుండా వాన మీదే పండే పొలాన్ని ‘బఅల్ పొలం’ అన్నారు. అరబ్బీలో బఅల్ అంటే మగడు, వానకు పండే భూమి కూడా. పాలస్తీనా రైతులు వానకు పండిన పంటను ఇప్పటికీ ఆ మాటతోనే పిలుస్తారు. పై నుంచి వాన కురిపించేవాడు మగడు, కింద పండేది ఆలు. బెఊలా అంటే ఆకాశం కాపురం చేస్తున్న నేల.

దీనికి మెదక్ జిల్లాలో తర్జుమా అవసరం లేదు. నిజాం రెవెన్యూవాళ్లు నీళ్లు పారే నేలను తరి, వాన మీదే పండే నేలను ఖుష్కి అని పుస్తకాల్లో రాసుకున్నారు. మంజీర మీద ఘనపురం ఆనకట్ట నీళ్లు అందిన నేల తరి. అందని ఎర్రనేల చెల్క. మక్క, జొన్న, కంది వేసి మొగులు దిక్కు చూసే రైతుకు ఆకాశంతో ఉన్న సంబంధం ఏమిటో ఏ నిఘంటువూ చెప్పనక్కర్లేదు. మొగులు ముఖం చాటేస్తే ఆ నేల విడిచిపెట్టినదే.

అట్లా ముఖం చాటేసిన కాలం గుర్తు ఈ ఊరి నడుమ నిలబడే ఉంది. మొదటి ప్రపంచయుద్ధం నాటి కరువులో, చార్లెస్ వాకర్ పోస్నెట్ అనే వెస్లియన్ మిషనరీ తిండికి పని కల్పించడానికి పెద్ద చర్చి గుడి కట్టడం మొదలుపెట్టించాడు. 175 అడుగుల గోపురంతో అది పూర్తయి 1924 డిసెంబరు 25న ప్రతిష్ఠ జరిగింది. ఇవాళ సెల్ఫీలు దిగే ఆ మెట్లమీద అప్పుడు రాళ్లు మోసిన కూలీలకు దక్కింది మెతుకు. మెతుకుసీమ అన్న మాటలోంచే మెదక్ వచ్చిందని జనం చెప్పుకుంటారు. వాన లేని చెల్కల మనుషులు కట్టిన గుడి అది. ఆ గుడి నీడన పుట్టిన పిల్లకు నేల పేరు దొరకడం కంటే ఉచితం ఏముంది? దొరికిన పేరును పెద్దలు మోసుకుపోయి మబ్బుల మీద పెట్టారు.

ఆక్షేపం, సమాధానం

పూర్వపక్షం: జాన్ బన్యన్ తన యాత్రికుని ప్రయాణంలో బ్యూలా దేశాన్ని వర్ణించాడు కదా, అది స్వర్గం కాదా?

సమాధానం: కాదు. 1678లో అచ్చయిన ఆ పుస్తకంలో బ్యూలా ఏటికి ఇవతలి గట్టు. పరమపట్టణం అక్కడినుంచి కనబడుతుంది, అంతే. ఏరు దాటాలి, దాటడమంటే చావడం. బన్యన్ కూడా బ్యూలాను బతికున్నవాళ్ల దేశంగానే ఉంచాడు. పిల్లను తొట్టెల్లో వేసినరోజే అవతలి గట్టుకు పంపడం ఏ శాస్త్రం ప్రకారం?

తాత్పర్యం

ఇప్పుడు స్వర్గం ఎందుకొచ్చిందో తేల్చాలి. స్వర్గానికి సర్వే నంబరు ఉండదు. రిజిస్ట్రేషన్ ఖర్చు ఉండదు. ఎంత రాసిచ్చినా కొడుకు వాటా ఒక గుంట తగ్గదు. ఆడపిల్లకు ఇవ్వదగిన ఆస్తుల్లో ఇంత సౌకర్యమైనది ఇంకోటి లేదు.

‘మగడు గలది’ అన్న అర్థాన్ని మాత్రం సర్కారు ఎన్నడో తెలుగు చేసి పెట్టింది. ఏ దరఖాస్తులోనైనా ఆడమనిషి పేరు పక్కన ‘తండ్రి/భర్త’ అని ఒక గడి ఉంటుంది. భూమి రికార్డుల పోర్టల్ ధరణి పోయి భూభారతి వచ్చినా ఆ గడి ఎక్కడికీ పోదు. భూమి ఎవరిదని అడిగేచోట, ఈమె ఎవరిదని కూడా అడుగుతారు.

చట్టం లేదా అంటే ఉంది. క్రైస్తవ కుటుంబాల్లో తండ్రి వీలునామా రాయకుండా పోతే కొడుకుకెంతో కూతురికీ అంతే అంటుంది 1925 నాటి భారత వారసత్వ చట్టం. అదే చట్టం తమకూ వర్తించాలని సొంత తోడబుట్టినవాడి మీద కోర్టుకెక్కి, 1986లో సుప్రీంకోర్టులో కేరళలోని పాత తిరువాన్కూరు సీమ క్రైస్తవ స్త్రీలకు గెలిచి పెట్టింది మేరీ రాయ్. మేరీ కూడా హీబ్రూ మిర్యామే. హిందూ కుటుంబాల్లో మన ఉమ్మడి రాష్ట్రం 1985 నుంచే కూతురికి ఉమ్మడి ఆస్తిలో హక్కునిచ్చింది గాని, అప్పటికే పెళ్లయినవాళ్లకు వర్తించదంది. అంటే బ్యూలాలకు లేదు. ఆ అడ్డు తీయడానికి కేంద్రానికి 2005 దాకా పట్టింది.

కాగితం మీద ఇన్ని ఉన్నా ఇంట్లో నడిచేది వేరు. “కట్నం ఇచ్చినం గదక్కా, ఇంకేం కావాలె?” అంటాడు తమ్ముడు. పసుపుకుంకుమ కింద ఎకరం ఇస్తామన్న మాట పెళ్లినాటి మాటగానే ఉండిపోతుంది. సంతకం అడిగినరోజు పెట్టకపోతే తల్లిగారిల్లు బందైతది. పండుగకు పిలుపు రాదు, కూతురి పెళ్లికి మేనమామ బట్టలు రావు. ఆ భయంతో అక్క సంతకం పెడుతుంది. పెట్టినామెకు చర్చిలో మంచి మనసున్న బిడ్డ అని పేరు. ఈ అన్యాయాన్ని ఏటేటా చూస్తూ, పేర్ల అర్థాలు మైకులో వింటూ కూర్చోవడం టీకాకారుడి వల్ల కావడం లేదు.

అనుబంధం

హీబ్రూ పేరే కావాలి, అర్థం కూడా ఘనంగా ఉండాలి అనేవాళ్లకు ఒక సూచన. సంఖ్యాకాండం 27వ అధ్యాయంలో సెలోపెహాదు కూతుళ్లు ఐదుగురున్నారు: మహలా, నోయా, హొగ్లా, మిల్కా, తిర్సా. మోషే ముందు, యాజకుడి ముందు, సమాజమంతా చూస్తుండగా గుడారం ద్వారం దగ్గర నిలబడి, మా నాయనకు కొడుకులు లేరు, భూమి మాకియ్యండి అని అడిగారు. వాళ్లడిగింది న్యాయమేనని తీర్పొచ్చింది. తరువాత 36వ అధ్యాయంలో పెద్దలు మళ్లీ వచ్చి, అయితే పెళ్లి మాత్రం సొంత గోత్రంలోనే చేసుకోవాలని మెలిక పెట్టించారు. పెద్దలు ఏ కాలంలోనైనా పెద్దలే.

ఈ ఐదింటిలో హొగ్లా అంటే కౌజుపిట్ట. చెల్కల్లో తిరిగే పిట్ట, నేల వదలనిది. ఫ్లెక్సీ మీద ‘కౌజుపిట్ట అని అర్థం’ అని రాస్తే బంగారు రంగు నప్పదని జంకేవాళ్లు బ్యూలానే ఉంచుకోవచ్చు. అర్థం రాసేచోట ఊరి పేరు, సర్వే నంబరు, గుంటలు రాస్తే చాలు. ఒక జాగ్రత్త: ఆ ఐదుగురికి భూమి వచ్చింది అన్నదమ్ములు లేరు గనుక. 1925 చట్టం అన్నదమ్ములున్నా ఇమ్మంటుంది. ఏమైనా పాపకు తమ్ముడు పుట్టేలోగా కాగితాలు రాయించడం మంచిది. తమ్ముడు పుట్టాక మల్లినాథుడే కొల్చారం నుంచి దిగివచ్చి చెప్పినా, పేరుకు అర్థం మళ్లీ స్వర్గమే అవుతుంది.