నెయ్యి తినని కరణం

ఒరే అబ్బీ, మొదట ఆ ఫోను కింద పెట్టు. పెట్టవని తెలుసు, అయినా చెప్పడం నా ధర్మం.

మొన్న ఒక ఆఫీసుకి పోయినా. ఏ ఆఫీసో చెప్పను, మళ్ళీ అక్కడికే నాకు పనుంది. మా ఎర్రచేను కంప్యూటర్లో పన్నెండు సెంట్లు తగ్గింది. చేను ఉన్నచోటే ఉంది, గట్టు జరగలేదు, పక్కచేను వాడు కూడా పాపం ఈసారి ఏమీ చేయలేదు. "ఎట్ల తగ్గింది నాయనా?" అంటే అక్కడి పిల్లోడు కుర్చీ వేసినాడు, మంచినీళ్ళిచ్చినాడు, "సిస్టం తీసుకోవడంలేదు సార్" అన్నాడు. ఎవడ్రా ఈ సిస్టం? ఏ ఊరు? ఎవరి కొడుకు? వాని నాయనతో నేను మాట్లాడతా. పిల్లోడు నవ్వి, "అంతా పైనుంచి సార్" అని ఫ్యాను దిక్కు చూసినాడు.

మా రోజుల్లో పైనుంచి వచ్చేది వాన ఒక్కటే, అదీ మా సీమలో సరిగ్గా వచ్చేది కాదు. అధికారమంతా కిందే, రచ్చకట్ట మీదే కూర్చొని ఉండేది. దానికి తలపాగా ఉండేది, కిర్రుచెప్పులు ఉండేవి, దగ్గు ఉండేది. రెడ్డి దగ్గితే నాలుగిళ్ళ అవతల పిల్లలు ఏడుపు మానేవాళ్ళు. రెడ్డంటే కులం పేరనుకునేవు, ఊరి మునసబురా. శిస్తు వసూలు చేసేదీ, చావు పుట్టుకలు రాసేదీ, కొట్లాటయితే పోలీసులకి కబురంపేదీ ఆయనే. ఆయన పక్కన కరణం, ఇద్దరి ముందర తలారి. తలారి తప్పెట కొట్టి సాటింపు వేస్తే అది గెజిట్టు. ఇప్పుడు గ్రూపులో మెసేజి పెడతారు, దాని కిందే ఎవడో గుడ్ మార్నింగు అని పూలబొమ్మ పెడతాడు. ఏది సర్కారు మాటో, ఏది పూలబొమ్మో తెలిసేదెట్ల?

కరణం సంగతి చెప్పాలి. ఎర్రగుడ్డలో కట్టిన లెక్కల మూట, చెవికి దారంతో కట్టుకున్న అద్దాలు, ఆ గొలుసుకట్టు రాత! తెగకుండా, కలం ఎత్తకుండా, ఈ చివరినుంచి ఆ చివరికి ఒకటే తీగ. అది ఆయన చదవాలి, లేకుంటే ఆయన కొడుకు చదవాలి, మూడోవాడు చదివితే కళ్ళు పోతాయి. అడంగల్లో నీ చేను ఉందా, ఉంటే ఎంతుంది, అందులో కొర్ర వేసినావా శెనగ వేసినావా, అన్నీ ఆ తీగలోనే. ఊరికి పెద్దయినాడంటే ఆయనకి బలముండి కాదు. ఆయనకి చదవను వచ్చి మనకి రాక. పాతకథ వినే ఉంటావు: చావబోయే కరణం ఊరోళ్ళని పిలిచి, నేను చేసిన పాపాలకి నా శవానికి మేకు కొట్టండి అని వేడుకున్నాడంట, వాళ్ళు నమ్మి కొడితే పోలీసులొచ్చి ఊరంతటినీ పట్టుకపోయినారంట. మా కరణం అంత చెడ్డోడు కాదు. నెయ్యి చెంబుకి లొంగేవాడు. సెంట్లు తగ్గితే మా జేజి ఒక చెంబు నెయ్యి, రెండు గుమ్మడికాయలు పంపేది, ఆ పొద్దే సెంట్లు తిరిగొచ్చేవి. తగ్గించింది కూడా ఆయనే అని నువ్వు అంటావు. అను. కానీ ఈ కంప్యూటరుకి నెయ్యి ఎక్కడ పోయాలో చెప్పు చూద్దాం!

ఆ కుర్చీలు వాళ్ళకి ఎవరిచ్చినారంటే తాతలిచ్చినారు. రెడ్డి కొడుకు రెడ్డి, కరణం కొడుకు కరణం. దీనికి చట్టం కూడా ఉండేది, మద్రాసు వాళ్ళు 1895లో చేసింది. గుంటూరు జిల్లాలో పెరవలిపాలెం అని ఒక ఊరు, అక్కడి మునసబు పదవి గొడవ సుప్రీంకోర్టు దాకా పోతే, 1960లో గాజుల దశరథరామారావు కేసులో జడ్జీలు తేల్చినారు, నాయన తరవాత కొడుకే అనే ఆ సెక్షను రాజ్యాంగానికి విరుద్ధమని. మంచి తీర్పే. అయితే అది ఢిల్లీ నుంచి మా పల్లెకి నడిచి రావాలి కదా, ఇరవైమూడేళ్ళు పట్టింది. 1984 జనవరి 6న, పండక్కి వారం ముందర, ముఖ్యమంత్రి ఎన్టీ రామారావు ఒక్క ఆర్డినెన్సుతో గ్రామాధికారుల పదవులన్నీ ఎత్తేసినాడు. వాళ్ళు సుప్రీంకోర్టుకి పోయినారు, 1985లో అక్కడా ఓడినారు. మా కరణం మాత్రం ఆ తరవాత కూడా సాయంత్రం పూట అద్దాలు పెట్టుకొని అరుగు మీద కూర్చొనేవాడు. జనం పోయి అడిగేవాళ్ళు, ఆయన చెప్పేవాడు. పదవి పోయినా ఆ రాత చదివే దిక్కు ఇంకొకటి లేదు కదా!

తరవాత వచ్చినవాళ్ళ పేర్లు గుర్తు పెట్టుకోవడానికే నాకు సగం వయసు సరిపోయింది. వీఏఓ అన్నారు, కార్యదర్శి అన్నారు, వీఆర్వో అన్నారు. తాసిల్దారు ఎమ్మార్వో అయి, మళ్ళీ తాసిల్దారే అయినాడు. మాకు తాలూకా డోన్ ఉన్నప్పుడు ఆయన మీటరుగేజి బండెక్కి బేతంచెర్ల టేసన్లో దిగితే, ఇద్దరు బంట్రోతులు, ఒక ట్రంకుపెట్టె, వెనక మునసబులంతా చేతులు కట్టుకొని. ఏటా శిస్తు లెక్కలు చూసే జమాబంది అంటే తిరునాళ్ళే. 1985లో మండలాలు పెట్టి ఆఫీసుని మా గుమ్మం ముందరికే తెచ్చినారు. 2021లో బేతంచెర్లకి నగర పంచాయతీ ఎన్నికలు, 2022లో కర్నూలు విడిపోయి నంద్యాల జిల్లా, కలెక్టరు కూడా దగ్గరికొచ్చేసినాడు. దగ్గరికొస్తే మంచిదే కదా తాతా అంటారు. దూరమున్నప్పుడు ఒక భయం ఉండేదిరా. దేవుడు కూడా మద్దిలేటి నరసింహుడి మాదిరి లోయలో ఉంటేనే మొక్కు చెల్లించబుద్ధి అవుతుంది, బస్టాండు పక్కనుంటే చెయ్యూపి పోతారు.

ఈ మాట ఎక్కడో తేడాగా ఉందని నాకూ తెలుసు. పోనీలే.

నా మనవరాలొకతి ఉంది, నంద్యాలలో డిగ్రీ చదువుతోంది, నోరెక్కువ. నేను రచ్చకట్ట తీర్పుల గురించి చెప్తుంటే, ఒక్క రూపాయి కోర్టు ఖర్చు లేకుండా పొద్దు గూకేలోపల తగువు తెగేదని చెప్తుంటే, "కట్ట మీద ఎవరు కూర్చొనేవాళ్ళు తాతా?" అంది. పెద్దమనుషులు. "కట్ట కింద?" వాడ వాళ్ళు. "చెప్పులతోనా?" చేతిలో. "జేజి ఎక్కడ కూర్చొనేది?" జేజి కట్ట పక్కనుంచి పోయేటప్పుడు కొంగు కప్పుకొని తల వంచుకొని పోయేది. "వాళ్ళనడిగితే వాళ్ళ 'మా రోజుల్లో' ఎట్లుంటుందో?" అంది. ఎండగా ఉంది, మజ్జిగ తాగుపో అన్నాను. కట్ట మీద పరిచిన బండ మా బేతంచెర్ల నాపరాయే, దాన్ని గనిలో పగలగొట్టి మోసింది కింద నిలబడినోళ్ళే అని కూడా దానికి తెలిసిపోతే ఇంక నన్ను నిద్రపోనీయదు.

పెద్దమనిషి మాటకి వెనక కత్తి కాపు ఉండేదని కూడా నేను చెప్పలేదు. అది మీరు సినిమాల్లో కావలసినంత చూసినారు. అన్నట్టు సినిమా అంటే గుర్తొచ్చింది. మా సీమలో ఎదురు తిరగడమంటే ఉయ్యాలవాడ నరసింహారెడ్డే. పాలెగాళ్ళని మన్రో దొర అణిచి, రాజ్యానికి బదులు తవర్జీ అని నెలనెలా ఇంత ముట్టేట్టు చేసినారు. నరసింహారెడ్డికొచ్చేది పదకొండు రూపాయల చిల్లర. ఆ చిల్లరకాడ అవమానం జరిగిందంటారు, కట్టుబడి బంట్రోతుల ఇనాములు కూడా సర్కారు లాక్కుంది, 1846లో కోయిలకుంట్ల ఖజానా మీద పడినాడు. 1847 ఫిబ్రవరి 22న ఉరి తీసి, తలకాయని కోయిలకుంట్లలో 1877 దాకా వేలాడదీసినారు. ముప్పై ఏళ్ళురా! ఒక్క తలకాయకి భయపడి ముప్పై ఏళ్ళు దాన్ని దించలేదంటే, పైన కూర్చున్నోళ్ళకి నిద్రెట్ల పట్టిందో.

ఆయన మీద తీసిన 'సైరా' 2019 అక్టోబరు 2న వచ్చింది. సరిగ్గా ఆ రోజే రాష్ట్రంలో గ్రామ సచివాలయాలు మొదలైనాయి. పొద్దున ఖజానా మీద పడినోడికి ఈలలు వేసిన పిల్లోళ్ళే, తరవాత సచివాలయంలో టోకెను తీసుకొని వరసలో నిలబడినారు. నేనూ నిలబడినానులే, పింఛను కోసం.

మేము ఎట్ల ఎదురు తిరిగేవాళ్ళమో చెప్పమంటావా? ఆకాశరామన్న. రెడ్డి శిస్తు డబ్బులు వాడుకున్నాడనుకో, ఒక కార్డు ముక్క తెచ్చి, రాత గుర్తుపట్టకుండా ఎడమచేత్తో, 'గౌరవనీయులైన తాసిల్దారు గారి దివ్యసముఖమునకు' అని మొదలుపెట్టి, కింద పేరు లేకుండా, డోన్ పోయినప్పుడు అక్కడి డబ్బాలో వేసేవాళ్ళం. మా ఊరి డబ్బాలో వేస్తే టపావాడు చదువుతాడు. తాసిల్దారు ఆ కార్డుని విచారణ కోసం రెడ్డికే పంపేవాడు. రెడ్డి దాన్ని రచ్చకట్ట మీద గట్టిగా చదివించి, ఎడమచేత్తో అన్నం తినేది ఎవర్రా అని అడిగేవాడు. భలే ఉండేది.

నా మనవరాలేం చేసిందో తెలుసా? ఆ పన్నెండు సెంట్ల మీద సమాచార హక్కు దరఖాస్తు పెట్టింది. 2005 చట్టమంట, ఊరి ఆఫీసుకైతే రుసుమే లేదంట, మండలానికి 5 రూపాయలు, ఆ పైన 10. కింద సొంత పేరు రాసింది, అడ్రసు రాసింది, ఫోను నంబరు కూడా ఇచ్చింది! కుడిచేత్తో! ఒసే పిచ్చిదానా, రేపు ఏ సిస్టమన్నా ఇంటిమీదికొస్తే ఏం చేస్తావే అంటే, "రానీ తాతా, ఎవరో ముఖమన్నా చూస్తాం" అంటుంది. ముప్పై రోజుల్లో జవాబు రాకుంటే అప్పీలంట, ఆ తరవాత ఇంకో అప్పీలంట, అన్నీ పేరుతోనే.

రానీ జవాబు, చూస్తాం. రాకుంటే కార్డు ఒకటి తెచ్చి పెట్టు. ఎడమచెయ్యి ఇంకా పనిచేస్తోంది. ఎవరి పేరున పంపాలో మాత్రం కనుక్కొని రా.