అహింసకు పికప్, డ్రాప్ ఫ్రీ

బొల్లారంలో ఇప్పుడు ఏనుగును కడగనివాడు మనిషి కాడు. మొన్నమొన్నటిదాకా కాశీకి పోయొచ్చి వీధంతా గంగనీళ్లు పంచినవాళ్లే ఇప్పుడు థాయ్‌లాండ్‌లోని చియాంగ్ మాయికి పోయొచ్చి, బురదలో ఏనుగు పక్కన చతికిలబడ్డ ఫొటోను కాలనీ వాట్సాప్ గ్రూపులో పెడుతున్నారు. 2023 నవంబరులో ఆ దేశం మనకు వీసా అక్కర్లేదని చెప్పిందో లేదో, కంటోన్మెంటులో పెన్షనందుకునే పెద్దమనుషులందరిలోనూ జీవకారుణ్యం ఒక్కసారి పెల్లుబికింది. వీధికుక్కల విషయంలో మాత్రం ఇంకా పెల్లుబకలేదు. దానికి టికెట్టు లేదు కదా.

సరుకు పేరు ‘ఎథికల్ ఎలిఫెంట్ అండ్ ట్రెక్కింగ్ డే ట్రిప్’. పొద్దున్నే హోటల్ గుమ్మం ముందుకు వ్యాను వస్తుంది. సాయంత్రం దీపాలు పెట్టే వేళకు అదే గుమ్మం ముందు దించుతుంది. మధ్యలో ఏనుగు, కొండ, జలపాతం, భోజనం, మంచినీళ్ల సీసా, ఇన్సూరెన్సు, ఆత్మశుద్ధి, అన్నీ టికెట్టులోనే. బుద్ధుడికి ఇల్లూ ఆలూ బిడ్డా వదిలి అడవులు పట్టి తిరిగితే గానీ దొరకనిది మనకు లంచ్‌తో కలిపి ఒక్కపూటలో దొరుకుతోంది.

మా వీధి చివర ఉండే రిటైర్డ్ సూపరింటెండెంటుగారు ఈమధ్యే వెళ్లొచ్చారు. ఆయన మొదటి మాటే, “మేం ఎక్కలేదండీ. ఎక్కే రకం కాదు మేము.” ఆ గొంతులో దండి నుంచి తిరిగొచ్చిన సత్యాగ్రహి ధీమా ఉంది. ఏనుగునెక్కడం క్రూరత్వమని ఆయనకు చియాంగ్ మాయిలో గైడు చెప్పాడట. మంచిదే, సంతోషం. ఎక్కకపోతే మరేం చేశారంటే వివరంగా చెప్పుకొచ్చారు. ముందు అందరికీ మగ్గం బట్టతో కుట్టిన వదులు చొక్కాలిచ్చారు. తర్వాత అరటిపండు, అన్నం, చింతపండు, ఉప్పు కలిపి ముద్దలు చుట్టించారు. ఏనుగు అరుగుదలకు మందట. ఇంట్లో ఏనాడూ కంచం కడగని మనిషి అక్కడ ఒక్కో ముద్దా గుండ్రంగా వచ్చేదాకా చుట్టారని మేడంగారు ఫోన్లో వీడియో చూపించారు. ఆపైన బురదగుంట. ఏనుగు వీపుకు బురద పూయాలి. ఆపైన ఏరు. పూసినదంతా బ్రష్షులు పట్టుకుని కడగాలి. నీళ్లు చిమ్ముకోవాలి. నవ్వాలి. అప్పుడు ఫొటోగ్రాఫరు క్లిక్కుమనిపిస్తాడు.

“మావటి చేతిలో ఏముంది సార్?” అనడిగాను.

“అరటిపండు.”

“రెండో చేతిలో?”

“గుప్పిట మూసుకున్నాడు.”

“తెరిచి చూపించమనలేదా?”

“బాగుండదు కదండీ. అయినా అతను నవ్వుతూనే ఉన్నాడు.”

ఆ గుప్పిట్లో ఏముందో ఆయన చూడలేదు, నేనూ చూడలేదు. ఉత్త గుప్పిటే కావచ్చు. కానీ అంకుశం కనబడితే టూరిస్టు మొహం చిట్లిస్తాడని దాన్ని సంచిలో పెట్టి, చిన్న మేకు చేతిలో దాచుకునే మావటీల సంగతి జంతుసంక్షేమ సంస్థలు ఏళ్ల తరబడి చెబుతూనే ఉన్నాయి. చెవి వెనక ఒక్క పోటు చాలు. ఫొటోలో పడదు.

సూపరింటెండెంటుగారికి రాని అనుమానం ఒకటుంది. అడవి జంతువు, నాలుగు టన్నుల జంతువు, పొద్దున బొల్లారం బ్యాచ్‌నీ మధ్యాహ్నం బర్మింగ్‌హామ్ బ్యాచ్‌నీ వీపు తోమనిస్తూ ఎందుకు నిలబడుతుంది? మనమీద ప్రేమతోనా? పిల్లగా ఉన్నప్పుడే తల్లి నుంచి విడదీసి, కదలడానికి వీల్లేని కర్రల బోనులో కట్టేసి, ఆకలితో, దెబ్బలతో దాని పొగరు అణచడం అక్కడి పాత పద్ధతి. ఫాజాన్ అంటారు. ఎక్కించుకునే ఏనుగుకు ఏ బడిలో చదువు చెప్పారో, కడిగించుకునే ఏనుగుకూ చాలావరకు అదే బడి. సిలబస్ మారలేదు, బోర్డు మారింది. మన ఊళ్లో స్కూళ్లు ‘టెక్నో’ అని తగిలించుకున్నట్టు.

పాపం మావటీని అని లాభం లేదు. 1988లో వరదలొచ్చి కొండచరియలు విరిగిపడ్డాక, 1989లో థాయ్ ప్రభుత్వం అడవుల్లో చెట్లు కొట్టడం నిషేధించింది. మంచి పనే. దుంగలు లాగి బతికిన ఏనుగులకూ మావటీలకూ మాత్రం ఒక్కరోజులో కూలి పోయింది. పెద్ద ఏనుగుకు రోజుకు నూటయాభై కిలోల మేత కావాలి. కొన్నాళ్లు బ్యాంకాక్ వీధుల్లో అడుక్కున్నారు. తర్వాత టూరిస్టు దొరికాడు. అంతకుముందు దుంగను లాగిన ఏనుగే ఆ తర్వాత మనిషిని మోసింది, ఇప్పుడు మనిషి మనస్సాక్షిని మోస్తోంది. బరువులన్నిట్లోకీ ఇదే ఎక్కువని నా అనుమానం.

వరల్డ్ యానిమల్ ప్రొటెక్షన్ అనే సంస్థ 2017లో ఆసియాలో టూరిస్టుల కోసం ఉంచిన దాదాపు 3,000 ఏనుగుల స్థితిగతులు పరిశీలిస్తే, నాలుగింట మూడొంతులు దారుణమైన పరిస్థితుల్లో ఉన్నాయని తేలింది. 2025 జనవరిలో థాయ్‌లాండ్‌లోనే కో యావ్ దీవిలో ఏనుగుకు స్నానం చేయిస్తున్న స్పెయిన్ విద్యార్థినిని ఆ ఏనుగే పొడిచి చంపింది. ఎక్కితేనే ప్రమాదం, కడిగితే పుణ్యం అనే సిద్ధాంతం ఏనుగు చదువుకోలేదు.

పైగా ఆ స్నానం దానికెందుకు? గజస్నానమని మన పెద్దలు ఊరికే అన్నారా! ఏటి నుంచి గట్టెక్కగానే అది తొండంతో దుమ్మెత్తి ఒళ్లంతా చల్లుకుంటుంది. ఎండకూ ఈగలకూ ఆ దుమ్మే దాని గొడుగు. మనవాళ్లు డాలర్లిచ్చి ఆ గొడుగును రోజుకు రెండుమార్లు లాగేసి, ‘కేరింగ్’ అని క్యాప్షన్ పెడుతున్నారు.

అక్కడే కొన్నిచోట్ల, ఉదాహరణకు చాంగ్‌చిల్‌లో, తాకనివ్వరు, కడగనివ్వరు. దూరంగా నిలబడి, ఏనుగు తన మానాన తాను మేస్తుంటే చూసి రావాలి. ఆ సంగతి చెప్తే సూపరింటెండెంటుగారు తెల్లబోయారు. “ఊరికే చూడ్డానికి అంత దూరం ఎందుకండీ!”

ఇక కొండ. థాయ్‌లాండ్‌లోకెల్లా ఎత్తయిన కొండ డోయి ఇంతనోన్, 2,565 మీటర్లు. శిఖరం దాకా తారురోడ్డుంది కాబట్టి ఎక్కినది వ్యాను. మనవాళ్లు శిఖరం మీద దిగి, ‘థాయ్‌లాండ్‌లో అత్యంత ఎత్తయిన చోటు’ అన్న బోర్డు పక్కన స్వెట్టర్లతో ఫొటో దిగి, కిందికొచ్చి అడవిదారిలో రెండు మూడు కిలోమీటర్లు గైడు వెనక నడిచారు. దానికి ట్రెక్కింగని పేరు. మౌలాలి గుట్ట మెట్లెక్కమంటే మోకాళ్లు చూపించే మనిషే ఈయన. నిజామాబాద్ జిల్లా పాకాల నుంచి వచ్చిన మాలావత్ పూర్ణ భువనగిరి గుట్ట మీద తాడు పట్టుకుని పాకడం నేర్చుకుని, పద్నాలుగేళ్లు నిండకముందే, 2014 మే 25న ఎవరెస్టెక్కింది. ఆ గుట్ట మనకు గంటన్నర దూరం. దాని కింద నుంచి యాదగిరిగుట్ట ప్రసాదానికి మాత్రం ఏటా కార్లు పోతూనే ఉంటాయి.

ఏనుగు కోసం దేశం దాటిన ఈ భక్తికి మన దగ్గర సామగ్రి లేకనా? మా రాష్ట్రపతి నిలయాన్నే చూడండి. 2023 మార్చి నుంచి ఏడాది పొడవునా జనాన్ని రానిస్తున్నారు. అందులో విడిది చేసే హోదాలోనే శంకర్ దయాళ్ శర్మగారికి జింబాబ్వే ఒక ఆఫ్రికా ఏనుగు పిల్లను కానుకగా ఇచ్చింది. ఆయన పేరే పెట్టి ఢిల్లీ జూలో ఉంచారు. తోడుగా వచ్చిన ఆడ ఏనుగు పోయాక ఆ శంకర్ ఏళ్లకేళ్లు ఒంటరిగా నిలబడింది. 2024లో అంతర్జాతీయ జూల సంఘం ఢిల్లీ జూ సభ్యత్వాన్ని సస్పెండ్ చేశాక గాని మనకు దాని కాలి గొలుసు కనబడలేదు. 2025 సెప్టెంబరులో అది చనిపోయింది. జూల్లో ఏనుగులుండరాదని కేంద్ర జూ అథారిటీ చెప్పింది 2009లో! మన జూపార్కు ఏనుగు రజని ఏళ్ల తరబడి లష్కర్ బోనాలకూ, మొహర్రంకూ డ్యూటీ చేసింది. ఆ తర్వాత పక్క రాష్ట్రాల నుంచి ఏనుగును లారీలో తెప్పిస్తున్నాం. అమ్మవారికి అంబారీ కావాలి గాని, ఏనుగుకు లారీ ప్రయాణం ఎలా ఉందని అమ్మవారు అడిగితే ఎవరు చెప్తారో?

ఇవన్నీ కట్టేసిన ఏనుగులు. కట్టనివాటితో మన మర్యాదలు ఇంకా చూడాలి. 2024 ఏప్రిల్‌లో ఒక ఏనుగు దారితప్పి మహారాష్ట్ర నుంచి ప్రాణహిత దాటి కుమ్రం భీం ఆసిఫాబాద్ జిల్లాలోకొచ్చింది. ఇద్దరు రైతులను చంపింది. హైదరాబాద్ టీవీల్లో రెండు రోజులు ‘గజరాజు బీభత్సం’ నడిచింది. మూడోరోజు క్రికెట్. పార్వతీపురం మన్యం జిల్లా భామిని మండలం కాట్రగడ దగ్గర 2023 మేలో ఒకేసారి నాలుగు ఏనుగులు కరెంటు తగిలి చచ్చిపోయాయి. ఏనుగు చచ్చినా వెయ్యే, బతికినా వెయ్యే అంటారు. ఆ నాలుగింటికీ మా వాట్సాప్ గ్రూపులో ఒక్క ఏడుపు బొమ్మ కూడా పడలేదు. ఆ గ్రూపు పేరు ‘నేచర్ లవర్స్ బొల్లారం’ అని పెట్టింది సూపరింటెండెంటుగారే.

చిత్తూరు జిల్లాకు 1980ల్లో తమిళనాడు, కర్ణాటక అడవుల నుంచి ఏనుగులొచ్చాయి. వాటికోసం 1990లో కౌండిన్య అభయారణ్యం వెలిసింది. పలమనేరు, కుప్పం వైపు రైతుకు అప్పటి నుంచీ ఏనుగు దర్శనం ఉచితం, అదీ ఇంటి దగ్గరికే. ముద్దలు చుట్టి నోట్లో పెట్టే శ్రమ లేదు. అరటి, చెరకు, మామిడి, ఏది కావాలో అదే వడ్డించుకుంటుంది. చియాంగ్ మాయిలో ఏనుగు అరటిగెల తింటే ‘ఫీడింగ్ ఎక్స్‌పీరియన్స్’. పలమనేరులో తింటే పంటనష్టం దరఖాస్తు, దానికి పాసుపుస్తకం జిరాక్సు. రాత్రంతా మంచె మీద టార్చి, టపాకాయలు పట్టుకుని కూర్చునే రైతు నిజంగా ఏనుగుకు జడిసేవాడే, కాని ఆ గుంపులో ఏది ముసలిదో, ఏది గున్నతో ఉందో అతనికి తెలుసు. మనం చొక్కా మార్చుకుని ఒక పూట గడిపిన ఏనుగు పేరు సూపరింటెండెంటుగారికి గుర్తులేదు.

2025 మే 21న బెంగళూరులో విధాన సౌధ ముందు కర్ణాటక ముఖ్యమంత్రి సిద్ధరామయ్య, ఆంధ్రప్రదేశ్ ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్‌కు నాలుగు కుంకీ ఏనుగులను అప్పగించారు: దేవా, కృష్ణ, అభిమన్యు, రంజన్. పట్టుబడి, మచ్చికై, మనిషి మాట విని, తమ జాతినే పొలాల నుంచి అడవిలోకి తరమడం వీటి ఉద్యోగం. ఇంతటి కష్టజీవులకు కూడా వీపు తోమడానికి హైదరాబాద్ నుంచి వ్యాను బయల్దేరిన దాఖలా లేదు.

అందుకే సూపరింటెండెంటుగారికి ఫోన్ చేసి ఒక ప్యాకేజీ చెప్పాను. రాత్రి రైల్లో చిత్తూరు, అక్కణ్నుంచి బస్సులో పలమనేరు. సాయంత్రం ఒక రైతు మంచె ఎక్కుదాం, ఆయన పెట్టిన రాగిముద్ద తిందాం, తెల్లారేదాకా కాపలా కాద్దాం. ఏనుగులొస్తే దూరం నుంచి చూద్దాం, రాకపోతే ఆ రైతుకు ఒక రాత్రి నిద్ర దొరుకుతుంది.

ఆయన శ్రద్ధగానే విన్నారు. మంచెకు రెయిలింగు ఉంటుందా అన్నారు. ఉండదన్నాను. బాత్రూమ్? పొలమే సార్ అన్నాను. చాలాసేపు ఆలోచించి, “ఫొటోలు బాగా వస్తాయా?” అనడిగారు. ఏనుగులు అమావాస్య రాత్రులే ఎక్కువగా వస్తాయి సార్, ఫ్లాష్ కొడితే మీదికొస్తాయి అన్నాను.

“మేడంతో మాట్లాడి చెప్తాను” అన్నారు. మేడంగారు అప్పటికే బాలీ టికెట్లు చూస్తున్నారు. అక్కడ కోతులున్నాయట, అవి కూడా ఎథికలేనట.